బైబిలును కాపాడిన నిప్పు

దేవుణ్ణి కాపాడాలంటే ముందు ఆయన గుడికి నిప్పు పెట్టాలి. ఈ సూక్ష్మం కనిపెట్టిన ఘనత పంతొమ్మిదో శతాబ్దపు అమెరికా నగరాలకే దక్కాలి.

ఫిలడెల్ఫియా సంగతే చూడండి. అక్కడి ప్రభుత్వ బడుల్లో పిల్లల చేత ప్రొటెస్టెంట్ల కింగ్ జేమ్స్ బైబిలు చదివించేవారు. మా పిల్లల్ని మా బైబిలు చదువుకోనివ్వండి మహాప్రభో అని 1842లో క్యాథలిక్ బిషప్పు కెన్రిక్ విన్నవించుకున్నాడు. ఆయన బైబిలు వద్దనలేదు, ఇంకో బైబిలు కావాలన్నాడు, అంతే. రెండేళ్ళు తిరిగేసరికి ఆ విన్నపం ఊళ్ళో వేరే వేషం కట్టింది: పోపు బంట్లు మన బడుల్లోంచి బైబిలును గెంటేస్తున్నారట! ఇక్కడ పుట్టినవాళ్ళదే ఈ దేశం అనే నేటివిస్టులు 1844 మేలో దీనిపై సభ పెట్టారు. ఎక్కడ? అంత పెద్ద ఊళ్ళో జాగా లేనట్టు, ఐరిష్ కార్మికులు కాపురముండే కెన్సింగ్టన్‌లో. రాళ్ళు లేచాయి, తుపాకులు పేలాయి, నేటివిస్టులూ చచ్చిపోయారు. ఇక ధర్మాగ్రహానికి అడ్డేముంది? ఐరిష్ నేతగాళ్ళ ఇళ్ళు కాలాయి. సెయింట్ మైకేల్ చర్చి కాలింది. సెయింట్ అగస్టీన్ చర్చి, దాని గ్రంథాలయంతో సహా కాలింది. బైబిలు భక్తులు తగలబెట్టిన ఆ పుస్తకాల్లో బైబిళ్ళు ఎన్నో ఎవరూ లెక్కపెట్టలేదు.

జులైలో రెండో విడత. ఈసారి మిలిషియా, అల్లరిమూక ఫిరంగులతోనే మాట్లాడుకున్నాయి. రెండు విడతల్లో కనీసం 20 మంది పోయారు. తప్పెవరిదో మొదటి విడత అయిన వెంటనే గ్రాండ్ జ్యూరీ తేల్చేసింది: బడుల్లోంచి బైబిలు తీసేయాలని చూసినవాళ్ళదట! ఇల్లు కాలినవాడే నేరస్తుడని తేలాక నిప్పంటించినవాడికి ఇంకెందుకు భయం?

స్త్రీలను కాపాడటంలోనూ ఈ వీరులది అందె వేసిన చెయ్యే. 1834 ఆగస్టులో, బోస్టన్ పక్కన చార్లెస్‌టౌన్‌లోని ఉర్సులైన్ కాన్వెంటులో ఒక సన్యాసినిని బంధించారని పుకారు లేచింది. ఊరి పెద్దలు వెళ్ళి గదిగదీ చూశారు. అంతా సవ్యంగానే ఉందని మర్నాటి పత్రికకు నివేదిక రాసుకున్నారు. ఆ రాత్రే మూక వచ్చింది. లోపల నిద్రపోతున్న ఆడపిల్లలు వెనకవైపు నుంచి పారిపోయారు. వాళ్ళలో ఎక్కువమంది బోస్టన్ కలవారింటి ప్రొటెస్టెంట్ బిడ్డలే! అగ్నిమాపక దళాలు వచ్చాయి గానీ మంట ఆర్పలేదు. ఆ ముందురోజే పోపు ప్రమాదం గురించి బోస్టన్‌లో ఉపన్యాసాలు దంచిన మతబోధకుడు లైమన్ బీచర్, ఆ మంటకూ తనకూ సంబంధం లేదన్నాడు. నిజమే, అగ్గిపుల్ల గీసింది ఆయన కాదుగా.

చదువు లేని మూకలే ఇలా చేస్తాయని సరిపెట్టుకోకండి. టెలిగ్రాఫు పితామహుడు శామ్యూల్ మోర్స్ విదేశీ క్యాథలిక్కులు అమెరికాను కబళించే కుట్ర పన్నారని పుస్తకమే రాశాడు. 1836లో నేటివిస్టుల తరఫున న్యూయార్క్ మేయరు పదవికి పోటీ కూడా చేశాడు. వాషింగ్టన్ నుంచి బాల్టిమోరుకు ఆయన టెలిగ్రాఫులో తొలి సందేశంగా బైబిలు వాక్యం వెళ్ళింది 1844 మే 24న. ఫిలడెల్ఫియాలో బైబిలు పేరిట చర్చిలు కాలి అప్పటికి మూడు వారాలు కూడా కాలేదు.

పదేళ్ళకు ఈ బాపతువాళ్ళకు అధికారమూ దక్కింది. ఏమడిగినా ఏమీ తెలియదనే రహస్య సంఘం కాబట్టి వాళ్ళను ‘నో నథింగ్స్’ అన్నారు. 1854లో మసాచుసెట్స్ శాసనసభ దాదాపు మొత్తం వాళ్ళదే అయింది. కాన్వెంట్ల గుట్టు తేల్చడానికి వెంటనే ఒక కమిటీ వేశారు. సభ్యులు సన్యాసినుల అల్మరాలు, నేలమాళిగలు వెతికినా నేరం దొరకలేదు. దొరికిందల్లా సభ్యుడు జోసెఫ్ హిస్ హోటల్ బిల్లు. ఎవరో ఒక ‘మిసెస్ ప్యాటర్సన్’ బస ఖర్చు కూడా ఖజానా లెక్కలో రాసేశాడు. సన్యాసినుల శీలం పరీక్షించబోయినవాణ్ణి సభ నుంచి బహిష్కరించాల్సి వచ్చింది!

అన్నిచోట్లా కథ నవ్వుతో ముగియలేదు. 1855 ఆగస్టు 6న లూయివిల్‌లో ఓటు పవిత్రతను కాపాడుతూ, పోలింగు రోజునే నో నథింగ్ మూకలు ఐరిష్, జర్మన్ వలసదారుల మీద పడ్డాయి. కనీసం 22 మంది చనిపోయారు.

ఇన్ని దెబ్బలు తిన్న ఐరిష్‌వాళ్ళు వెనక వచ్చేవాళ్ళను కడుపులో పెట్టుకుంటారనుకుంటాం. ఏరు దాటేదాకా ఓడ మల్లన్న, దాటాక బోడి మల్లన్న! కార్క్ కౌంటీలో పుట్టి శాన్‌ఫ్రాన్సిస్కో చేరిన డెనిస్ కెర్నీ, 1877 నుంచి ఎక్కడ మాట్లాడినా చైనావాళ్ళు పోవాల్సిందేనని ముగించేవాడు. 1882లో చైనా కార్మికుల రాకను నిషేధిస్తూ చట్టమే వచ్చింది. 1885లో రాక్ స్ప్రింగ్స్‌లో 28 మంది చైనా గని కార్మికులను చంపేశారు. 1907లో మనవాళ్ళ వంతు వచ్చింది. బెల్లింగ్‌హామ్‌లో రంపపు మిల్లుల్లో పనిచేసే భారతీయులను, ఎక్కువగా సిక్కులను, మూక ఊరి నుంచే తరిమేసింది. 2017లో కాన్సస్‌లో మా దేశం నుంచి పొండంటూ ఒకడు తెలుగు ఇంజినీరును కాల్చి చంపాడు. ఇరానువాడనుకున్నాడట.

అయినా డల్లాస్‌లోనో ఎడిసన్‌లోనో గ్రీన్‌కార్డు చేతికందిన మన పెద్దమనిషి విందులో తేల్చేస్తాడు: ‘‘మేం రూలు ప్రకారం వచ్చామండీ. అందరూ దొంగదారిన వస్తే ఎలా?’’ ఆయనకు ఒక్క సంగతి మనవి. 1844లో అమెరికాకు వీసాలు లేవు, కోటాలు లేవు. ఓడ దిగిన ఐరిష్‌వాడు అక్షరాలా రూలు ప్రకారమే వచ్చాడు. అందుకే నేటివిస్టులు రూలునే మార్చమన్నారు. పౌరసత్వానికి ఐదేళ్ళు చాలవు, 21 ఏళ్ళు ఆగాలన్నారు. కెన్సింగ్టన్‌లో ఇళ్ళు తగలబెట్టినవాళ్ళు లోపలివాళ్ళ కాగితాలు అడగలేదు. అడిగి ఉంటే, అన్నీ సక్రమంగానే ఉండేవి.