ఫ్రాపార్ చేతి ఈలను

ఈల వేస్తే ఇంట్లోకి పామొస్తుందని, ఆడపిల్ల అయితే అసలే వేయకూడదని మీలో చాలామందిని పెద్దవాళ్లు గదమాయించి ఉంటారు. నేను ఆ ఈలనే. ఫ్రాన్స్ ఫుట్‌బాల్ రిఫరీ స్తెఫనీ ఫ్రాపార్ చేతిలో ఉంటాను.

మా వంశం బర్మింగ్‌హామ్‌ది. 1884లో జోసెఫ్ హడ్సన్ మా పెద్దల కడుపులో చిన్న గింజ పెట్టి గట్టిగా మోగేలా చేశాడు. అయితే ఆ గింజ ఒక్కోసారి ఇరుక్కుపోయి, సరిగ్గా అవసరమైన క్షణంలోనే గొంతు పెగిలేది కాదు. ఆ అవస్థ పడ్డ కెనడా బాస్కెట్‌బాల్ రిఫరీ రాన్ ఫాక్స్‌క్రాఫ్ట్ 1987లో గింజ లేని ఈలను తెచ్చాడు. నేను ఆ కోవలోదాన్ని. స్టేడియం ఎంత హోరెత్తినా నా గొంతు విడిగా వినబడుతుంది.

మోగడం నా పనే. కానీ రిఫరీ సత్తా నన్ను ఊదకుండా ఆపుకోవడంలోనే ఎక్కువ తెలుస్తుందంటాను. ఫౌల్ జరిగినా దెబ్బతిన్న జట్టుకే బంతి దక్కి ముందు దారి తెరుచుకుంటే, చేతులు చాపి ఆట సాగనివ్వాలి. దాన్ని అడ్వాంటేజ్ అంటారు. నన్ను పెదాల దాకా తెచ్చి దించేసే ఆ అర సెకనులో ఎంత ఆలోచన ఉంటుందో దగ్గరుండి చూసినదాన్ని నేను.

మా స్తెఫనీ పదమూడో ఏట ఈ విద్యలో అడుగుపెట్టింది. 2011లో పురుషుల మూడో డివిజన్, 2014లో రెండో డివిజన్. పురుషుల ఆట నడపాలంటే పురుషుల పరీక్షే నెగ్గాలి. నలభై మీటర్లను ఆరేసి సెకన్లలో ఆరుసార్లు పరిగెత్తాలి. ఆ తర్వాత 75 మీటర్లు 15 సెకన్లలో పరుగు, 25 మీటర్లు నడక, ఇలా నలభై సార్లు. ఆడమనిషని ఒక్క సెకను కూడా సడలించరు. ఆమెకు ఎవరో దయతలచి చోటిచ్చారనే మాట వింటే నాకు ఒళ్లు మండేది అందుకే.

2019 ఏప్రిల్ 28న అమియాన్, స్ట్రాస్‌బర్గ్ జట్లు తలపడ్డాయి. ఫ్రాన్స్ అగ్రశ్రేణి పురుషుల లీగ్‌లో ఒక స్త్రీ ప్రధాన రిఫరీగా నిలవడం అదే మొదలు. ఒక్క గోలూ పడలేదు. ఆ ఏడే జులైలో మహిళల ప్రపంచకప్ ఫైనల్, ఆగస్టు 14న ఇస్తాంబుల్‌లో లివర్‌పూల్, చెల్సీల సూపర్ కప్. అదనపు సమయంలో చెల్సీకి పెనాల్టీ ఇచ్చినప్పుడు లివర్‌పూల్ ఆటగాళ్లు చుట్టుముట్టినా ఆమె మాట మారలేదు. 2-2తో ముగిసిన ఆ ఆటలో లివర్‌పూలే పెనాల్టీ షూటౌట్‌లో గెలిచింది. తాము ఈ రిఫరీల్లా ఆడి ఉంటే 6-0తో గెలిచేవాళ్లమని వాళ్ల కోచ్ యుర్గెన్ క్లాప్ తర్వాత అన్నాడు. పోగొట్టుకోవడానికి అంత దగ్గరగా వచ్చిన జట్టు కోచ్ మాట కాబట్టి నాకది పతకం కన్నా ఎక్కువ.

2020 డిసెంబరులో ట్యూరిన్‌లో పురుషుల చాంపియన్స్ లీగ్ మ్యాచ్ కూడా అయింది. ఇక ఖతార్.

పురుషుల ప్రపంచకప్ మొదలైంది 1930లో. తొంభై రెండేళ్లపాటు ఏ స్త్రీ చేతిలోని ఈలా అక్కడ ఆట మొదలుపెట్టలేదు. 2022 డిసెంబరు 1న అల్ బైత్ స్టేడియంలో జర్మనీ, కోస్టారికా ఆటకు మొదటి ఈల మాదే. లైన్ల మీద బ్రెజిల్‌కు చెందిన న్యూజా బాక్, మెక్సికోకు చెందిన కరెన్ డియాజ్. ముగ్గురూ ఆడవాళ్లే. ఒక దశలో కోస్టారికా 2-1తో ముందుంది. గ్రూప్‌లోని రెండో ఆటతో కలిపి ఆ స్థితే నిలిస్తే జర్మనీతోపాటు స్పెయిన్ కూడా ఇంటికే. అంత ఒత్తిడిలోనూ స్తెఫనీ ఊపిరి నాలో తడబడలేదు. ఆఖర్లో ఆఫ్‌సైడ్ అని జెండా లేచిన గోలును వీడియోలో సరిచూసి ఇచ్చారు. జర్మనీ 4-2తో గెలిచి కూడా టోర్నీ నుంచి వెళ్లిపోయింది.

ఆ టోర్నీకి ఎంపికైన 36 మంది ప్రధాన రిఫరీల్లో మహిళలు ముగ్గురు. రువాండాకు చెందిన సలీమా ముకన్సంగా ఆ ఏడాదే ఆఫ్రికా కప్‌లో పురుషుల మ్యాచ్ నడిపి చరిత్ర సృష్టించింది. జపాన్‌కు చెందిన యోషిమి యమషితా ఆసియా చాంపియన్స్ లీగ్‌లో నడిపింది. ఖతార్‌లో ఆ ఇద్దరూ నాలుగో రిఫరీగా గీత బయటే నిలబడ్డారు. ఒక్క మ్యాచ్‌నైనా మైదానంలో నిలిచి నడిపే అవకాశం వాళ్లకు ఇవ్వలేదు.