సైన్సు పీరియడ్... మొదటి పాట!

దూరదర్శన్ ఫ్రీ డిష్‌లో ఛానళ్ల స్లాట్లకు ప్రసార భారతి మళ్లీ వేలం పెట్టింది. ఇంత లాభసాటి ఆలోచన టీవీ దగ్గరే ఆగిపోవడం నాకేం నచ్చలేదు. మా చిలకలూరిపేటలోనూ సర్కారు బడులున్నాయి. గంట కొడితే పిల్లలు కదలకుండా కూర్చుంటారు. ఆ రేటింగ్ ఏ ఛానల్‌కుంది?

పీరియడ్లు వేలం వేద్దాం. పాట పెట్టడం తెలిసినవాళ్లు గుంటూరు మిర్చి యార్డులో కావలసినంతమంది. మొదటి పీరియడ్ జాతకాలవాళ్లకే పోతుంది, పొద్దున పూట వాళ్ల పోటీకి ఎవరూ ఆగలేరు. లెక్కలు నగల కొట్టుకి: తరుగు, మజూరీ వాళ్లకన్నా బాగా ఎవరు చెబుతారు? సైన్సు పురుగుమందుల కంపెనీకి. తెలుగుకి పాటదారుడు రాకపోతే ధర తగ్గిద్దాం, అప్పటికీ రాకపోతే డబ్బింగ్ సీరియల్ వేసుకోవచ్చు. హెడ్‌మాస్టారు కమీషన్ ఏజెంటు. పంతులుగారికీ చోటుంది లెండి, మధ్యాహ్న భోజనమయ్యాక, పిల్లలు కునికేవేళ.

ఎగతాళి పక్కన పెడితే, 1975లో అమెరికా ఉపగ్రహాన్ని ఏడాదికి అడిగి తెచ్చుకుని, ఆరు రాష్ట్రాల్లో 2400 పల్లెలకు టీవీలు మోసుకెళ్లింది ఈ దేశ ప్రభుత్వమే. మన రాష్ట్రమూ అందులో ఉంది. పొద్దున పిల్లలకు పాఠం, సాయంత్రం రైతుకు సేద్యం. 1995లో ఈటీవీ వచ్చి ‘అన్నదాత’ వేస్తే రైతు అటు తిరిగాడు. న్యాయమే, ప్రైవేటువాడు పని బాగా చేశాడు. దానికి జవాబు ఇంకా మంచి పొలం కార్యక్రమం కావాల్సింది. దూరదర్శన్ మాత్రం స్పాన్సర్ల సీరియళ్ల వెంటపడింది, ఇప్పుడు చోటే అద్దెకిస్తోంది.

2015లో పెట్టిన డీడీ కిసాన్ ఉందిగా అంటారు. ఉంది. మా నల్లరేగడికి హిందీ రాదు.

2021లో మిర్చి మీద నల్ల తామర పురుగు పడ్డప్పుడు ఈ చుట్టుపక్కల ఎంతమంది రైతులు ఏం కొట్టాలని మందుల కొట్లో అడిగారో మీకు తెలుసా? అప్పిచ్చేదీ సలహా ఇచ్చేదీ డబ్బా అమ్మేదీ అక్కడ ఒక్కడే. గుంటూరు దగ్గరి లాం ఫారం వ్యవసాయ శాస్త్రవేత్తలు గంట ప్రయాణంలో ఉన్నారు. వాళ్ల మాట ఆ పూటే రైతు ఇంటికి చేర్చడానికి కాకపోతే, జనం డబ్బుతో ఈ డిష్ గొడుగులూ టవర్లూ ఎందుకయ్యా? 2020లో బడులు మూస్తే పదో తరగతి పాఠాలు డీడీ సప్తగిరిలో వచ్చాయి. అంటే దూరదర్శన్‌వారూ, మీకు చేతనవును. చేతనయ్యీ, రాబడి లేదని రైతు ముఖం చూడరా? పంట మీద పురుగున్నన్నాళ్లూ లాం మాట రోజూ పేటకు తెలుగులో రావాలి. ఒక్క ప్రకటన దొరక్కపోయినా రావాలి.