డ్రెస్ కోడ్: సటీకా తాత్పర్యం

మెదక్ దగ్గరి కొల్చారం ఒకప్పటి కొలాచలం. ఆ ఊరి మల్లినాథసూరి కాళిదాసు కావ్యాలకు వ్యాఖ్యానం మొదలుపెడుతూ, మూలంలో లేనిది రాయననీ అక్కర్లేనిది చెప్పననీ ఒట్టు పెట్టుకున్నాడు. నేను అలాంటి ఒట్లు పెట్టుకోను. ఆయనకు దొరికిన మూలం రఘువంశం. నాకు దొరికింది మావాళ్ల పెళ్లి వాట్సాప్ గ్రూపులో రాత్రి పదకొండింటికి పడ్డ మెసేజి.

మూలము: "హల్దీ – షేడ్స్ ఆఫ్ ఎల్లో. సంగీత్ – పేస్టల్స్ ఓన్లీ. ముహూర్తం – ట్రెడిషనల్. ప్లీజ్ అవాయిడ్ రెడ్."

అవతారిక: పెళ్లికూతురు మా పెదనాన్నగారి మనవరాలు. పిల్ల మీద నాకేం కోపం లేదు. గ్రంథకర్త తను కాదనీ, ఈవెంట్ మేనేజరనీ తర్వాత తెలిసింది. శుభలేఖలో "బంధుమిత్ర సపరివారంగా విచ్చేసి" అని అచ్చు వేయించినవాళ్లే, ఆ సపరివారం ఏ రంగులో విచ్చేయాలో తరువాయిగా పంపించారు. మెసేజి కింద అయిదు రంగుల గుండ్రాల బొమ్మ ఒకటి. గోడకు రంగు ఎంచుకోమని పెయింట్ల షాపువాడు చేతికిచ్చే అట్టముక్క ఉంటుంది చూడండి, అచ్చం అలాంటిది. ఇక్కడ గోడలం మేము.

ప్రతిపదార్థము: షేడ్స్, ఆఫ్, ప్లీజ్ – సుగమం.

హల్దీ: సంస్కృతంలో హరిద్ర, హిందీలో హల్దీ, మనకు పసుపు. మనకు పసుపు కొట్టడం ఒక పని, నలుగు పెట్టడం ఒక పని, మంగళస్నానం ఇంకొకటి. దేని పాట దానిదే, దేనికి ముందుండే ముత్తయిదువ దానికే. మూడింటినీ ఒకే డబ్బాలో పోసి, హల్దీ అని చీటీ అంటించి మూత పెట్టేశారు.

ఎల్లో: ఇక్కడ కాస్త కూర్చోవాలి. తెలుగువాణ్ణి ఎల్లోలో రమ్మనడం అంత తేలిక కాదు. మన 'పచ్చ' రెండు రంగులకూ చెల్లుతుంది. పచ్చగడ్డిలో పచ్చ వేరు, పచ్చకామెర్లలో పచ్చ వేరు. తగాదా వచ్చినప్పుడే ఆకుపచ్చ అనీ పసుపుపచ్చ అనీ ముందొక గుర్తు తగిలిస్తాం. ఒంటి ఛాయ పచ్చగా ఉందంటే పసుపు. కాపురం పచ్చగా ఉందంటే ఆకు. పచ్చకామెర్లవాడికి లోకమంతా పచ్చగా కనిపిస్తుందన్నప్పుడు మాత్రం ఆకని ఎవరూ పొరబడరు. సంస్కృతంలోనూ ఇదే చిక్కు. హరితానికీ హరిద్రకూ కుదురు ఒకటే. అమరసింహుడు పసుపు రంగుకు పీతమనీ గౌరమనీ హరిద్రాభమనీ మూడు పేర్లు చెప్పాడు. వీటిలో గౌరం తెలుపుకూ చెల్లుతుంది. తెలుపు గౌరం, గౌరం పసుపు, పసుపు ఎల్లో. కాబట్టి నా ఇస్త్రీ తెల్ల లాల్చీ హల్దీకి శాస్త్రసమ్మతం. ఈ సిద్ధాంతాన్ని మా ఆవిడకు విన్నవించాను. ఆవిడ పూర్తిగా విని, 2,200 రూపాయలు పెట్టి ఆవపువ్వు రంగు కుర్తా తెచ్చి మంచం మీద పెట్టింది.

నలుగుకు పాతబట్టలు కట్టుకునే వంశాలు మనవి. పసుపు మరక వదలదు గనక. ఇప్పుడు మరక పడే పూటకే కొత్త బట్ట కొనాలి, మరక పడ్డా తెలియకుండా అదే రంగులో.

అవాయిడ్ రెడ్: గ్రంథకర్తకు రసాయనశాస్త్రం రాదని ఇక్కడ బయటపడింది. పసుపులో సున్నం కలిపితే ఎరుపు. పారాణి అదే, దిష్టి తీసే ఎర్రనీళ్లూ అవే. హల్దీలో పసుపు పడ్డ బట్టను ఇంటికెళ్లి సబ్బు పెట్టి ఉతికితే ఆ మరక ఎర్రబారుతుందని ఏ చాకిరేవునడిగినా చెబుతారు. అంటే మొదటి వాక్యాన్ని భక్తిగా పాటించి, శుభ్రంగా ఉతుక్కున్నవాడు చివరి వాక్యాన్ని అతిక్రమించి తీరతాడు. దీన్ని స్వవచన వ్యాఘాతం అంటారు. ఈవెంట్ మేనేజర్లు దీన్ని థీమ్ అంటారు.

పేస్టల్స్: ఈ మాట పిండిముద్దలోంచి పుట్టింది. రంగుపొడిని జిగురుతో ముద్దచేసి, కడ్డీలుగా ఆరబెట్టి బొమ్మలు వేసేవారు. పాస్తాకూ దీనికీ పుట్టిల్లు ఒకటే. మా మేనత్త ఇంత లోతుకు వెళ్లలేదు. ఫోన్ చేసి, "పేస్టల్సంటే ఏమిట్రా?" అంది.

"లేత రంగులు అత్తయ్యా."

"వెలిసినవా?"

"వెలిసినట్టుండేవి. కొత్తవే."

అవతల కాసేపు మాట లేదు. "వెలిసిన చీరలన్నీ మొన్న సంక్రాంతికేగా స్టీలు సామాన్లవాడికి వేసేశాను," అని పెట్టేసింది.

ఓన్లీ: దీని మీద మీమాంసకులను తలుచుకోకుండా ముందుకు పోలేను. తలుచుకోకపోయినా నష్టం లేదు, కానీ చదువుకున్న చదువు ఎప్పుడు వాడాలి? విధుల్లో నియమం వేరు, పరిసంఖ్య వేరు. వడ్ల పొట్టు గోళ్లతోనూ వొలవొచ్చు, కానీ యజ్ఞానికి దంచే తీయాలి. ఇది నియమం. అయిదు గోళ్ల జంతువుల్లో ఫలానా అయిదే తినదగినవి అన్నారనుకోండి, తిని తీరాలని దానర్థం కాదు. తక్కినవి ముట్టొద్దని. ఇది పరిసంఖ్య. మన గుండ్రాలూ అయిదే కావడం యాదృచ్ఛికం. మరి 'పేస్టల్స్ ఓన్లీ' ఏ విధి? నియమమైతే పేస్టల్ కట్టి తీరాలి. పరిసంఖ్య అయితే ముదురు రంగులు కూడదని మాత్రమే. అప్పుడు ఏమీ కట్టకుండా వెళ్లినవాడికీ విధిభంగ దోషం అంటదు. ఇలాంటి పూర్వపక్షాన్ని సంగీత్‌లో ఎవరూ నిలబెట్టకుందురుగాక.

నేను ముదురు నీలం చొక్కాలో వెళ్లాను. ఫొటో తీసే కుర్రాడు మర్యాదస్తుడే. "అంకుల్, కొంచెం పక్కకి, ఫ్రేమ్ డిస్టర్బవుతోంది," అన్నాడు. జరిగాను. ఇంకొంచెం అన్నాడు. మరీ జరిగేసరికి ఐస్‌క్రీమ్ దగ్గర తేలాను. పెళ్లికూతుర్ని పుట్టిన పదకొండోనాడు ఒళ్లో కూర్చోబెట్టుకున్నది నేనే. ఆల్బమ్‌లో నా మోచెయ్యి ఉంది.

ట్రెడిషనల్: ఎవరి ట్రెడిషనో చెప్పలేదు. ఎరుపు వద్దనడానికి కారణం అడిగితే అది వధువుకు రిజర్వట. మనలో చాలా ఇళ్లలో ముహూర్తం వేళకు పిల్ల కట్టేది ఎర్రంచు తెల్లబట్ట. మధుపర్కాలు. ఈ మాట ప్రయాణం మహా చిత్రమైనది. మధుపర్కం అసలు బట్ట కాదు, తినేది. పెరుగూ తేనే కలిపి, కొందరైతే నెయ్యి కూడా చేర్చి, గుమ్మంలోకి వచ్చిన గురువుకో రాజుకో పెళ్లికొడుకుకో ఇచ్చేవారు. వచ్చినవాడికి చేసే మర్యాద అది. ఆ మర్యాదతో పాటు పెట్టే బట్టలకు తెలుగులో ఆ పేరే అంటుకుంది. తేనె ఎటో పోయింది, నూలు మిగిలింది.

బట్టలు పెట్టడం నేనెరిగిన మర్యాద. పెళ్లంటే పిలిచినవాడు వచ్చినవాడికి బొట్టుపెట్టి పంచో చీరో చేతికిస్తాడు. ఆ చీర నచ్చదు, ఆ పంచె పొట్టిదవుతుంది, ఫలానావాళ్లకు పెట్టిందే మాకూ పెట్టారని ఏడాదిపాటు అలక ఉంటుంది. అదంతా నిజమే. అయినా ఖర్చు పిలిచినవాడిది. ఇప్పుడు బట్ట పెట్టరు, రంగు చెబుతారు. మా గ్రూపులో ఒక బాబాయి లెక్క వేశాడు. నలుగురున్న ఇంటికి మూడు పూటలకు పన్నెండు జతలు. వేసి, ఏమీ అనకుండా చేతులు జోడించిన బొమ్మ పెట్టాడు. పెళ్లికి ఆయనొక్కడే వచ్చాడు.

హల్దీ పూట మా మేనత్త నేరేడుపండు రంగు పట్టుచీరలో దిగింది. పసుపు కుర్తాల మధ్య ఆవతోటలో గేదెలా ఉందని ఎవరో పిల్లవాడు అన్నాడు. ఫొటో కుర్రాడు అలవాటుగా, "ఆంటీ, కొంచెం..." అన్నాడు. ఆవిడ జరగలేదు. కొంగు ముందుకు లాగి, చివరి మూల విప్పి చూపించింది. కొత్త చీర మొదటిసారి కట్టేటప్పుడు పెట్టిన పసుపు చుక్క, అణా కాసంత.

"ఇదిగో నాయనా, ఎల్లో," అని పెళ్లికూతురి వైపు తిరిగి, "మీ అమ్మ పెళ్లికి మీ తాత పెట్టిన చీరేనే," అంది.

దగ్గరికెళ్లి చూశాను. చుక్క బాగా వెలిసింది. అంటే పేస్టల్. సాయంత్రం సంగీత్‌కూ ఆవిడ అదే చీరలో కూర్చుంది, ముందు వరసలో.