మద్దెల ఓడే! స్ట్రీట్ ఫైటర్ వీరులకు చిట్కాలు

ఆడలేక మద్దెల ఓడు అన్నదట ఒకావిడ. అందరూ ఆమెను చూసి నవ్వారే గానీ, ఆ మద్దెలను ఒకసారి వాయించి చూసినవాడు ఒక్కడూ లేడు. స్ట్రీట్ ఫైటర్ 2 ఆడేవాళ్లయినా ఆ అన్యాయాన్ని సరిదిద్దాలి. జాయ్‌స్టిక్ కిందికి, కింద-ముందు మూలకి, ముందుకి, ఆపైన పంచ్. ఆటలోని ర్యూ అనే యోధుడి చేతుల్లోంచి హడోకెన్ అనే నీలం బంతి దూసుకు రావడానికి కావలసింది ఇంతే. మీరు అంతా సవ్యంగానే చేశారు. ర్యూ మాత్రం గాలిని ఓ గుద్దు గుద్ది ఊరుకున్నాడు. తప్పెవరిది? జాయ్‌స్టిక్‌ది. ఈ సూత్రం ఒంటబట్టిందంటే కింది చిట్కాలు పాటించడం చాలా తేలిక.

ముందు బటన్ల సంగతి. 1987లో జపాన్ కంపెనీ క్యాప్‌కామ్ మొదటి స్ట్రీట్ ఫైటర్ తెచ్చినప్పుడు, ఒక రకం యంత్రానికి గుద్దడానికి పెద్ద రబ్బరు మెత్తలు ఉండేవి. ఎంత గట్టిగా గుద్దితే తెర మీద దెబ్బ అంత గట్టిగా పడేది. తర్వాత మెత్తలు పోయి ఆరు బటన్లు నిలిచాయి. మూడు పంచ్‌లకు, మూడు కిక్‌లకు. రెండింటిలోనూ చిన్నది, మధ్యరకం, పెద్దది. 1991లో వచ్చిన రెండో ఆటలోనూ అవే ఆరు. ఈ బటన్‌కి నొక్కారా లేదా అన్నదే తెలుసు, ఎంత బలంగా నొక్కారన్నది తెలియదు. అయినా సరే, పిడికిలి బిగించి గుద్దండి. యంత్రానికి తెలియకపోతేనేం, వెనక నిలబడి చూసేవాళ్లకు తెలుస్తుంది. వీడియో గేమ్ పార్లర్ యజమానికి ఇంకా బాగా తెలుస్తుంది.

హడోకెన్‌కి తొందర పనికిరాదు. జాయ్‌స్టిక్‌ని కిందికి లాగండి, ఆగండి. మూలకు తీసుకెళ్లండి, మళ్లీ ఆగండి. సరైన మూలేనా అని వంగి చూసుకోండి. ఈ ఆట సెకనుకు సుమారు 60 సార్లు మీ చేతి కదలికను చదువుతుంది, ఒక దిక్కు తర్వాత ఇంకో దిక్కు వెంటనే రాకపోతే పాతదాన్ని మరిచిపోతుంది. మతిమరుపు దానిది, మీది కాదు. ఇక పంచ్ ఎప్పుడు నొక్కాలి? జాయ్‌స్టిక్ ముందుకు చేరేసరికి వేలు కూడా పడాలని అనుభవజ్ఞులు చెబుతారు. నా మాట విని ముందే నొక్కేసి పెట్టుకోండి, ఒక పని అయిపోతుంది. ర్యూ కూర్చుని గుద్దాడంటే పంచ్ తొందరపడిందనీ, నిలబడి గుద్దాడంటే మధ్యలో మూల తప్పిపోయిందనీ కొందరు లక్షణాలు చూసి జబ్బు చెబుతుంటారు. వాళ్లు చెప్పేది చాలా వరకు నిజమే కాబట్టి వినకండి. విన్నారంటే రెండు రోజుల్లో జబ్బు కుదురుతుంది, ఆ తర్వాత ఓటమికి కారణం వెతుక్కోవడం కష్టం.

బటన్‌కి ఇంకో గుణం ఉంది. స్పెషల్ మూవ్‌ల విషయంలో నొక్కడమే కాదు, నొక్కిన వేలు తీయడం కూడా లెక్కే. కింద, మూల, ముందు అని తిప్పిన క్షణంలో ఎప్పటి నుంచో నొక్కి ఉంచిన పంచ్‌ను వదిలినా బంతి వెళ్లిపోతుంది. తెలిసినవాళ్లు దీన్ని ఆయుధంగా వాడతారు. మీరు ఆరు బటన్ల మీదా అరచేయి పరిచి, భయం వేసినప్పుడల్లా తీసేయండి. ఏదో ఒకటి రాకపోదు.

బంతి రావడం మొదలయ్యాక ఇక ఆపకండి. చిన్న పంచ్‌తో వేస్తే మెల్లగా, పెద్ద పంచ్‌తో వేస్తే వేగంగా వెళుతుంది. ఒకటి తెర మీద ఉండగా రెండోది వేయడానికి వీల్లేదు. అందుకని కొందరు ఒకసారి మెల్లగా, ఒకసారి వేగంగా వేసి ఎదుటివాడి అంచనా తప్పిస్తారు. వాడు దూకక తప్పని పరిస్థితి తెచ్చి, దూకగానే కింద కాచుకుని కొడతారు. ఇది మర్యాదస్తుల పద్ధతి కాదు. ఎప్పుడూ పెద్ద పంచే వాడండి, ఎప్పుడూ ఒకే తాళంలో వేయండి. నాలుగో బంతికల్లా వాడు మీ నెత్తి మీదికి దూకి ఉంటాడు. మీరప్పుడు ఐదో బంతికి జాయ్‌స్టిక్ తిప్పుతూ ఉంటారు.

అలా దూకేవాళ్ల కోసమే షోర్యుకెన్ ఉంది. ముందు, కింద, కింద-ముందు మూల, పంచ్. ర్యూ, ఇంకో యోధుడు కెన్ ఇద్దరూ పిడికిలి ఎత్తి పైకి లేస్తారు, లేచే తొలి క్షణాల్లో ఎదుటివాడి దెబ్బ వాళ్లకు తగలదు. మంచి విషయం అక్కడితో సరి. తగలకపోతే దిగేటప్పుడు దిక్కులేకుండా దిగుతారు, కింద ఎదురుచూస్తున్నవాడు తీరిగ్గా తనకు నచ్చిన దెబ్బ ఎంచుకోవచ్చు. అందుకే శత్రువు తెరకు అవతలి చివర ఉన్నప్పుడే షోర్యుకెన్ కొట్టమని నా సలహా. ఎవరికీ ప్రమాదం ఉండదు. ఇందులో చిక్కొకటుంది. ముందుకు నడుస్తూ నడుస్తూ హడోకెన్ తిప్పితే, ఆ నడకలోని ‘ముందు’నూ తర్వాతి ‘కింద’నూ కలిపి యంత్రం షోర్యుకెన్ అనుకుంటుంది. బంతి వేద్దామనుకున్న మనిషి ఆకాశంలో తేలుతాడు. నడక ఆపి, జాయ్‌స్టిక్‌ని మధ్యకు రానిచ్చి తిప్పితే ఈ గొడవ ఉండదు. కానీ అంత ఎత్తు నుంచి కనిపించే దృశ్యం మాత్రం ఎవరు వద్దనుకుంటారు?

ఎదుటివాడు మీ మీదుగా దూకి అవతల దిగితే ‘ముందు’ అన్న దిక్కు తారుమారవుతుంది. కుడివైపు చేసినదంతా ఇప్పుడు ఎడమవైపు చేయాలి. మీరు మాత్రం మారకండి. మాట మీద నిలబడేవాడు దిక్కు మార్చడు.

సైనికుడు గైల్ సంగతి కొంచెం ఓపికగా చెప్పాలి. అతని సోనిక్ బూమ్‌కి జాయ్‌స్టిక్‌ని కాసేపు వెనక్కి పట్టి ఉంచి, చటుక్కున ముందుకు తోసి పంచ్ నొక్కాలి. ఫ్లాష్ కిక్‌కి కిందికి పట్టి ఉంచి పైకి తోసి కిక్. కింద-వెనక మూలలో పట్టి ఉంచితే రెండూ ఒకేసారి సిద్ధమవుతాయి. ఆ భంగిమలో కూర్చున్నవాడు వచ్చే దెబ్బల్లో చాలావాటిని అడ్డుకుంటాడు కూడా. అందువల్లే అనుభవం ఉన్న గైల్ ఆటగాళ్లు మాట్లాడకుండా మూల పట్టుకుని కూర్చుంటారు, వాళ్లతో ఆడటం ఆదివారం బంధువుల ఇంట్లో భోజనం ఆలస్యమైనట్టుంటుంది. మీరు అలా కాదు. సైనికుడన్నాక ఛాతీ విరుచుకుని ముందుకు నడవాలి. ముఖాముఖి చేరాక, అప్పుడు వెనక్కి పట్టి, మనసులో అంకెలు లెక్కపెట్టుకోండి. లెక్క పూర్తయ్యేసరికి మీరు నేల మీద పడి ఉంటే, అంకెలు తప్పు చెప్పించిన చిన్ననాటి లెక్కల మాస్టారిని తలుచుకోండి.

రష్యన్ మల్లుడు జాంగీఫ్‌కి జాయ్‌స్టిక్ గుండ్రంగా ఒక చుట్టు తిరగాలి, చివర పంచ్. పక్కనే ఉన్నవాణ్ని ఎత్తి తలకిందులుగా గిరగిరా తిప్పి నేలకేస్తాడు. ఈ ఆటలో అంత ఘోరమైన దెబ్బలు తక్కువ. చిక్కల్లా చుట్టులో ‘పైకి’ కూడా ఉండటమే. నిలబడి తిప్పితే జాంగీఫ్ పట్టుకోకుండా ఎగురుతాడు. అందుకని నేర్పరులు గాల్లో ఉండగానో, వేరే దెబ్బ వేస్తుండగానో చుట్టు సగం తిప్పేసుకుంటారు, కాలు నేల తాకేసరికి మిగిలింది పూర్తి చేస్తారు. ఈ దొంగదారి మనకొద్దు. ఎదురుగా నిలబడి, అందరికీ కనిపించేలా తిప్పండి. జాంగీఫ్ ఒకే చోట ఎగురుతూ ఉంటే జనం తప్పక నవ్వుతారు, ఆటకు కావలసింది జనమే కదా.

హోండా అరచేతుల వాన, చున్‌లీ కాళ్ల మెరుపులు, బ్లాంకా ఒంటి కరెంటు, ఈ మూడింటికీ ఒకే బటన్‌ను టకటకా కొడుతూ పోతే చాలు. వీటికి చెడు సలహా ఇవ్వడం నా వల్ల కావడం లేదు. ఎవరు ఎలా కొట్టినా వస్తాయి.

బటన్ల మీద అంతే గట్టిగా పడాల్సిన సందర్భం ఇంకొకటుంది. వరసగా దెబ్బలు తిన్న మనిషి తల చుట్టూ చుక్కలో పిట్టలో తిరుగుతూ మత్తులో తూలిపోతాడు. అప్పుడు జాయ్‌స్టిక్‌నీ బటన్లనూ ఎంత వేగంగా ఊపితే అంత త్వరగా తేరుకుంటాడు. పద్ధతీ పాడూ లేని ఊపుడే ఇక్కడ సరైన పద్ధతి. కాబట్టి ఇక్కడొక్కచోట మీరు చేతులు కట్టుకుని హుందాగా ఉండండి.

ఇక కాంబోలు. ఒక దెబ్బ తగిలీ తగలగానే దాన్ని మధ్యలో తెంచి హడోకెన్‌లోకి దిగడం, ఎదుటివాడికి అడ్డుకునే సందే దొరక్కపోవడం. ఇది ఆట తయారుచేసినవాళ్లు ముందు అనుకున్న సంగతి కాదు. కారు పగలగొట్టే బోనస్ రౌండును పరీక్షిస్తుండగా ఒక దెబ్బకు ఇంకో దెబ్బ అతుక్కుంటోందని క్యాప్‌కామ్‌లో నోరితాకా ఫునామిజు గమనించాడు. అంత కచ్చితమైన సమయం ఎవరికి దొరుకుతుందిలే అనుకుని దాన్ని అలాగే ఉంచేశారు. ఆ తర్వాత వచ్చిన పోరాటపు ఆటల్లో చాలావి ఆ పొరపాటు మీదే నిలబడ్డాయి. ఒకరి పొరపాటును వాడుకుని గెలవడం సంస్కారం కాదు. పెద్దమనిషిలా ఒక దెబ్బ కొట్టి, ఆగి, ఫలితం చూసి, అవసరమైతే రెండోది కొట్టండి.

ధల్సిమ్‌ను ఎంచుకోవాలనే ఆరాటం మనకు సహజం. ఆ ఆటలో భారతదేశం నుంచి వెళ్లింది ఆయనొక్కడే. ఆయన రంగస్థలంలో రెండువైపులా ఏనుగులు నిలబడి ఘీంకరిస్తుంటాయి, మెడలో పుర్రెలు, నోట్లోంచి నిప్పు. ఏ యోగా గురువు దగ్గర ఇవన్నీ నేర్చుకున్నాడో జపాన్ వాళ్లనే అడగాలి. యోగా ఫైర్‌కి హడోకెన్ తిప్పుడే, యోగా ఫ్లేమ్‌కి మాత్రం వెనక నుంచి ముందుకు అర్ధచంద్రాకారం. సాగే చేతులతో దూరం నుంచి ఆడితేనే ఆయన బతుకుతాడు, దగ్గరికెళితే నెమ్మది మనిషి. కానీ మనవాడు కదా, చెప్పినట్టు వింటాడనే నమ్మకంతో దగ్గరికే తీసుకెళ్లండి.

తిప్పడం బొత్తిగా రానివాళ్లకు ‘రెయిన్‌బో’ లాంటి దొంగ బోర్డులు దైవప్రసాదం. తొంభైల్లో చాలా దేశాల పార్లర్లలో తిరిగిన ఆ నకళ్లలో గాల్లోంచి కూడా హడోకెన్‌లు పడేవి, బంతులు మనిషిని వెంటాడేవి, స్టార్ట్ నొక్కితే మధ్యలోనే యోధుడు మారిపోయేవాడు. వాటి వేగానికి జనం అలవాటు పడటం చూసి క్యాప్‌కామే 1992 చివర్లో ఆటను వేగం పెంచి ‘టర్బో’ పేరుతో మళ్లీ వదిలింది. దొంగ బోర్డు మీదే అభ్యాసం చేయండి. అక్కడ తప్పుకీ ఒప్పుకీ తేడా కనిపించదు.

చివరిగా రహస్య విద్య. 1992 ఏప్రిల్‌లో అమెరికా పత్రిక ఎలక్ట్రానిక్ గేమింగ్ మంత్లీ ఒక చిట్కా అచ్చేసింది. ర్యూతో ఆడుతూ ఒక్క దెబ్బ కూడా తినకుండా చివరి శత్రువు బైసన్ దాకా వెళ్లాలట. అతణ్ని కొట్టకుండా, తాను తినకుండా, గడియారం అయిపోయేదాకా తప్పించుకుంటూ రౌండు తర్వాత రౌండు సమం చేసుకోవాలట. అప్పుడు ర్యూ గురువు షెంగ్ లాంగ్ ఎక్కడి నుంచో వచ్చి, బైసన్‌ను పక్కకు విసిరేసి, మీతో తలపడతాడట. ఎక్కడెక్కడి పిల్లలో నాణేలు కుప్పలుగా పోశారు. ఏ గురువూ రాలేదు. అది ఏప్రిల్ ఫూల్ జోక్. దాని గొప్పదనం చూడండి: అసాధ్యమైన షరతు పెట్టిన చిట్కా ఎన్నటికీ అబద్ధమని తేలదు, ఎందుకంటే మధ్యలో ఎక్కడో మీకు దెబ్బ తగిలే ఉంటుంది. 1994లో వచ్చిన సూపర్ టర్బోలో అకుమా అనే రహస్య యోధుడు నిజంగానే మధ్యలో దిగి బైసన్‌ను మట్టుబెట్టి ఆటగాడి మీదికి వచ్చాడు. తప్పుడు సలహా కూడా రెండేళ్లు ఓపిక పడితే ఫలిస్తుందన్నమాట. నావి పోయిన నెలవే.

ఇప్పుడు పార్లర్లు అరుదైపోయాయి. 2018లో వచ్చిన 30వ వార్షికోత్సవ సంకలనంలో పాత ఆటలు చాలావరకు ఇంట్లోనే దొరుకుతాయి, అందులో ఎన్నిసార్లు తిప్పినా నాణెం ఖర్చు కాని ప్రాక్టీస్ పద్ధతీ కొన్నిటికి ఉంది. దాని జోలికి వెళ్లకండి. పందెం వేసుకున్న రోజే మొదటిసారి తిప్పండి. ఎదుటి కుర్చీలో మాత్రం పదేళ్ల పిల్లలెవరూ లేకుండా చూసుకోండి. వాళ్లు ఈ వ్యాసం చదివి ఉండరు.