మార్స్ హిల్ మీది దూరదర్శిని

నన్ను చేయించిందే కుజుడి కోసం. 1896లో మసాచుసెట్స్‌లోని క్లార్క్ కార్ఖానాలో నా కటకాన్ని 24 అంగుళాల వెడల్పున అరగదీశారు. 20 వేల డాలర్లు పోసి కొన్న పర్సివల్ లోవెల్, అరిజోనాలో ఫ్లాగ్‌స్టాఫ్ పక్కన, సముద్రమట్టానికి ఏడు వేల అడుగుల ఎత్తులో ఉన్న గుట్ట మీద నన్ను నిలబెట్టాడు. ఆ గుట్టే మార్స్ హిల్.

కుజుడు 26 నెలలకోసారి భూమికి దగ్గరవుతాడు. బాగా దగ్గరికొచ్చిన ఏడాది కూడా ఆ బింబం వెడల్పు చందమామలో డెబ్బయ్యో వంతే. పైగా మధ్యలో మన గాలి. అది కదిలినంతసేపూ బింబం వణుకుతూనే ఉంటుంది, ఏ అరక్షణమో నిలుస్తుంది. ఆ అరక్షణం కోసం లోవెల్ రాత్రంతా కాచుకునేవాడు. గాలి మరీ సతాయిస్తే నా కటకం అంచులు మూసేసి చూసేవాడు. చూసిందాన్ని వెంటనే బొమ్మ గీసేవాడు. ఆ బొమ్మల నిండా సన్నని, తిన్నని గీతలు. మిలాన్‌లో ఖగోళ శాస్త్రవేత్త స్కియాపరెల్లి 1877లోనే అలాంటివి గీశాడు. లోవెల్ ఇంకో అడుగు వేశాడు: అవి కాలువలనీ, ఎండిపోతున్న తమ గ్రహానికి ధ్రువాల మంచునీళ్లు మళ్లించుకునే జనం అక్కడున్నారనీ పుస్తకాలు రాశాడు.

ఆ గీతలు కుజుడి మీద లేవు, నా కటకంలోనూ లేవు. చూపుకి అందీ అందని మచ్చల్ని కన్ను తనంతట తానే కలిపేస్తుంది. 1903లో గ్రీనిచ్‌లో బడిపిల్లల ముందు కాలువల్లేని కుజుడి బొమ్మ పెట్టి గీయమన్నారు. దూరంగా కూర్చున్నవాళ్లలో కొందరు కాలువలు గీశారు! 1909లో పారిస్ దగ్గర మ్యూడన్‌లో, నాకంటే పెద్ద దూరదర్శినిలో ఖగోళ శాస్త్రవేత్త ఆంటోనియాడి చూస్తే గీతలు విడిపోయి మచ్చలయ్యాయి. 1965లో కుజుడి పక్కనుంచి వెళ్లిన మారినర్ 4 వ్యోమనౌక పంపిన ఫొటోల్లో ఉన్నవి గుంటలే.

అయినా లోవెల్‌ని ఎవరైనా తీసిపారేస్తే నాకు కష్టంగా ఉంటుంది. సౌరకుటుంబాలు ఎలా పుడతాయో తెలుస్తుందేమోనని ఆయన పురమాయిస్తేనే, ఆయన దగ్గర పనిచేసే స్లైఫర్ నాకు కాంతిని రంగులుగా విడదీసే వర్ణపటలేఖిని తగిలించి సుడి నెబ్యులాలను పరీక్షించాడు (అవి దూరపు గెలాక్సీలని అప్పటికింకా తెలియదు). వాటిలో ఎక్కువ భాగం మననుంచి దూరంగా పరుగెడుతున్నాయని తేలింది. విశ్వం వ్యాకోచిస్తోందన్న సంగతికి అది తొలి ఆనవాలు. కాలువల కోసం పుట్టిన నాకు అంతకన్నా గర్వం ఏముంటుంది?

2013లో శ్రీహరికోట నుంచి బయల్దేరిన మంగళ్‌యాన్ కుజుణ్ణి నిండు బింబంగా ఫొటో తీసింది. ఆ ఫొటో చూసినవాళ్లు కూడా నాలోంచి స్వయంగా చూడాలని గుట్టెక్కి వస్తారు. గాలి నిలిచి, కుజుడి సరైన వైపు మనకేసి తిరిగి ఉంటే, వాళ్ల కంటికి ఒక నల్లటి ముక్కోణపు మచ్చ తగులుతుంది. దాని పేరు సిర్టిస్ మేజర్. 1659లో ఖగోళ శాస్త్రవేత్త హైగెన్స్ గీసిన కుజుడి బొమ్మలో ఉన్నది అదే.