హరిశ్చంద్రులకు న్యూజెర్సీలో ప్రవేశం లేదు

అమెరికాలో తుపాకీ దగ్గర పెట్టుకోవడం నేరం కాదు. ఉందని చెప్పడం నేరం. అదైనా అన్నిచోట్లా కాదు. ఏ నదికి అవతలి ఒడ్డున చెప్పారు, ఏ ఎయిర్‌పోర్టు కౌంటర్ దగ్గర చెప్పారు అన్నదాన్ని బట్టి ఉంటుంది.

ఈ సూత్రం వాళ్ల రాజ్యాంగంలో కనపడదు. అందులో 1791 నుంచి ఉన్నది రెండో సవరణ. ఆయుధం కలిగి ఉండటం, వెంట ఉంచుకోవడం ప్రజల హక్కు, దాని జోలికి ఎవరూ రాకూడదు అంటుందది. ఆ హక్కు ఇంటి గడప దగ్గరే ఆగిపోదని 2022 జూన్‌లో సుప్రీంకోర్టు తేల్చింది. ప్రత్యేకమైన కారణం చూపిస్తేనే పర్మిట్ ఇస్తామంటూ న్యూయార్క్ వందేళ్లకు పైగా పెడుతూ వచ్చిన షరతును కొట్టేసింది. న్యూయార్క్ ఊరుకుంటుందా? కొద్ది రోజుల్లోనే కొత్త చట్టం చేసి, తుపాకీ తీసుకురాకూడని చోట్ల జాబితా ఒకటి విడుదల చేసి, టైమ్స్ స్క్వేర్ చుట్టూ బోర్డులు పాతింది. అలా హక్కు గడప దాటింది గానీ నది దాటలేదు.

ఆ దేశంలో 29 రాష్ట్రాల్లో చొక్కా కింద తుపాకీ దోపుకుని తిరగడానికి పర్మిటే అక్కర్లేదు. మిగతా రాష్ట్రాల్లో కావాలి. ఒక రాష్ట్రం ఇచ్చిన పర్మిట్‌ను ఇంకొకటి గుర్తించవచ్చు, గుర్తించకపోవచ్చు, ఈ ఏడాది గుర్తించి వచ్చే ఏడాది మానేయనూవచ్చు. న్యూయార్క్, న్యూజెర్సీ, కాలిఫోర్నియా మాత్రం పొరుగువాడి కాగితాన్ని కన్నెత్తి కూడా చూడవు. వెర్మాంట్‌ది ఇంకో తమాషా. అక్కడ ఏనాడూ పర్మిట్ అవసరం లేదు కాబట్టి ఇచ్చే ఆఫీసూ లేదు. పర్మిట్ చూపించమనే రాష్ట్రానికి వెర్మాంట్ పౌరుడు వెళ్తే చూపడానికి సొంత రాష్ట్రపు కాగితం ముక్క ఉండదు. స్వేచ్ఛ మరీ ఎక్కువైనా కష్టమే.

ఇక మన హరిశ్చంద్రుల సంగతి.

మొదటి ఆమెది ఫిలడెల్ఫియా. పిల్లల్ని ఒంటరిగా పెంచుకుంటున్న తల్లి. దొంగల బారిన పడ్డాక తుపాకీ కొనుక్కుని, పెన్సిల్వేనియాలో పద్ధతిగా పర్మిట్ తీసుకుంది. 2013 అక్టోబరులో వంతెన దాటి న్యూజెర్సీలోకి వెళ్లింది. లేన్ మారడంలో ఏదో పొరపాటని పోలీసు కారు ఆపాడు. అడక్కముందే ఆమె చెప్పింది: నా దగ్గర తుపాకీ ఉంది, ఇదిగో పర్మిట్. ఆ ఒక్క మాటతో ఆమె మీద పడిన కేసు కనీసం మూడున్నరేళ్ల జైలు తప్పనిసరి అనే రకం. నెలకు పైగా జైల్లో ఉంది. దేశమంతా గోల చేశాక ప్రాసిక్యూటరు మెత్తబడ్డాడు. 2015 ఏప్రిల్‌లో గవర్నర్ క్రిస్ క్రిస్టీ క్షమాభిక్ష పెట్టాడు. ఆమె నోరు మూసుకుని ఉంటే టికెట్ కట్టి ఇంటికి వెళ్లిపోయేది.

రెండో ఆమె టెన్నెసీ నుంచి వచ్చిన వైద్య విద్యార్థిని. 2011 డిసెంబరులో న్యూయార్క్‌లో సెప్టెంబరు 11 మృతుల స్మారకం చూడబోయింది. తుపాకులు తేరాదన్న బోర్డు చూసి, తన దగ్గరున్న దాన్ని ఎక్కడ అప్పగించాలని అక్కడి సిబ్బందిని అడిగింది. గుడి ముందు చెప్పులు విడిచే చోటు అడిగినంత అమాయకంగా అడిగింది. వాళ్లు చోటు చూపించారు, లాకప్‌లో. ఆమె మీదా అదే మూడున్నరేళ్ల కత్తి వేలాడి, చివరికి చిన్న నేరం ఒప్పుకుని 200 డాలర్ల జరిమానాతో బయటపడింది.

మూడో ఆయన యూటావాసి. ఈయన కథ చదవాలంటే ముందు 1986 నాటి కేంద్ర చట్టం తెలియాలి. బయల్దేరిన చోట, చేరే చోట తుపాకీ ఉంచుకోవడం, వెంట పెట్టుకోవడం చట్టబద్ధమైతే, మధ్యలో ఎన్ని కఠిన రాష్ట్రాలున్నా దాటిపోవచ్చని ఆ చట్టం అభయం. తూటాలు తీసేసి ఉండాలి, తుపాకీ గానీ తూటాలు గానీ చేతికి అందే చోట ఉండకూడదు. 2005లో ఈయన అన్నీ పాటించాడు. విమానం ఎక్కేటప్పుడు తాళం వేసిన పెట్టెలో తుపాకీ ఉందని ప్రకటించి, లగేజీలో వేశాడు. న్యూజెర్సీలోని న్యూవార్క్‌లో మారాల్సిన విమానం తప్పింది. ఎయిర్‌లైన్స్ వాళ్లు పెట్టె ఆయన చేతికిచ్చి పొమ్మన్నారు. హోటల్లో రాత్రి గడిపి, తెల్లారి కౌంటర్‌కి వచ్చి, నియమం ప్రకారం మళ్లీ ప్రకటించాడు. అరెస్టు. తరవాత కేసు ఎత్తేశారు గానీ, నష్టపరిహారం కోసం ఆయన వేసిన దావాను 2010లో అప్పీళ్ల కోర్టు కొట్టేసింది. హోటల్లో పెట్టె ఆయన చేతికి అందుబాటులో ఉందిగదా అన్నది తర్కం. ఇలా చిక్కుకుపోయినవాళ్లు పెట్టె తీసుకోకముందే ఎయిర్‌పోర్టు పోలీసుల దగ్గరికి వెళ్లి, తుపాకీ ఉంది, ఈ రాత్రికి మీ దగ్గర ఉంచండి అని అడగవచ్చని ధర్మాసనం సలహా కూడా ఇచ్చింది. కౌంటర్‌లో చెప్పినందుకు జైలుకెళ్లినవాడికి, ఇంకాస్త ముందు చెప్పి ఉండాల్సింది అన్న సలహా! కాశీలో కాటికాపరిగా నిలబడ్డ హరిశ్చంద్రుడికి కూడా విశ్వామిత్రుడు ఇంత మాట అనలేదు.

నాలుగో ఆయన హరిశ్చంద్రుడు కాదు. అమెరికన్ ఫుట్‌బాల్ జట్టు న్యూయార్క్ జెయింట్స్ ఆటగాడు, 2008 సూపర్ బౌల్‌లో గెలుపు బంతి పట్టిన ప్లాక్సికో బరెస్. అదే ఏడాది నవంబరులో మాన్‌హాటన్ నైట్‌క్లబ్‌కి స్వెట్‌ప్యాంటు నడుములో తుపాకీ దోపుకుని వెళ్లాడు. అది జారింది, పేలింది, ఆయన తొడలోకే తూటా దిగింది. ఫ్లోరిడా పర్మిట్ అప్పటికే గడువు తీరిపోయింది, తీరకపోయినా న్యూయార్క్‌లో చెల్లదు. రెండేళ్ల శిక్ష పడింది. పై ముగ్గురివీ మనుషులు చెప్పిన నిజాలు. ఇక్కడ తుపాకీయే నోరు విప్పింది.

ఇప్పుడు జార్జియాలోని అట్లాంటాకి రండి. అమెరికా విమానాశ్రయాల తనిఖీల్లో 2024లో దొరికిన తుపాకులు 6,678. వాటిలో 94 శాతం తూటాలు నింపినవే. చేతి సంచిలో, చొక్కాల మధ్య, పిల్లల చిరుతిళ్ల పక్కన. అందరిదీ ఒకే సమాధానం: మర్చిపోయాను. ఏటా ఈ జాబితాలో మొదటి స్థానం అట్లాంటాది. పర్మిట్ ఉన్నవాడు ఇలా దొరికితే తుపాకీ తీసుకుని వెనక్కి వెళ్లిపోయే వెసులుబాటును జార్జియా 2014లో చట్టంలోనే రాసి పెట్టింది. కేంద్రం వేసే జరిమానా వేరు, బేడీలు మాత్రం ఉండవు. అంటే తూటాలు నింపి, చెప్పకుండా, చేతి సంచిలో తెచ్చి మర్చిపోయానంటే కారు దాకా నడక. తూటాలు తీసి, తాళం వేసి, నోటితో చెబితే న్యూవార్క్‌లో బేడీలు. మతిమరుపుకు ఇంత గౌరవం, జ్ఞాపకశక్తికి ఇంత శిక్ష ఇంకే దేశంలోనైనా ఉంటే చెప్పండి.

ఇందులో మనవాళ్ల వాటా ఏమిటంటారా? హెచ్1బీ మీద ఉన్నవాళ్లు, చదువుకోవడానికి వెళ్లిన పిల్లలు తుపాకీ గానీ, ఒక్క తూటా గానీ దగ్గర ఉంచుకోవడం మామూలుగా కేంద్ర నేరం. 15 ఏళ్ల దాకా జైలు పడవచ్చు. కానీ చట్టంలో చిన్న తలుపుంది: వేట లైసెన్స్ ఉంటే ఈ నిషేధం వర్తించదు. కోడి కోయాలంటే కళ్లు మూసుకునే సాఫ్ట్‌వేర్ కుర్రాడు జింకల వేటకు రుసుము కట్టి రసీదు తెచ్చుకుంటే, ఆ రసీదు కాలం తీరేదాకా వాడు వేటగాడు. అడవి మొహం చూడక్కర్లేదు. చూడకపోవడమే జింకలకీ మంచిది.

పౌరసత్వం వచ్చిన బాబాయి ఒకాయన ఉన్నాడనుకుందాం. ఇల్లు ఫిలడెల్ఫియా పక్కన, పర్మిట్ ఉంది. వెర్మాంట్‌లో ఆకులు ఎర్రబడే ముచ్చట చూడ్డానికి కుటుంబంతో మినీవ్యాన్‌లో బయల్దేరాడు. మినీవ్యాన్‌కి వేరే డిక్కీ ఉండదు కాబట్టి తుపాకీ తాళం వేసిన పెట్టెలోకి వెళ్లాలి. డ్యాష్‌బోర్డు అరకు తాళమున్నా ఆ అర లెక్కలోకి రాదని చట్టం ప్రత్యేకంగా చెబుతుంది. దారిలో న్యూజెర్సీలోని బ్రిడ్జ్‌వాటర్ గుడి వస్తుంది. “స్వామిని చూడకుండా ఎలా పోతామండీ?” అంటుంది పిన్ని. పెట్రోల్ కొట్టించడం ప్రయాణంలో భాగమే అనుకోవచ్చు. మరి దర్శనం? పులిహోర? చుట్టాలింట్లో రాత్రి పడక? బాబాయి ఇంకా ప్రయాణంలో ఉన్నట్టా, న్యూజెర్సీకి వచ్చేసినట్టా? న్యూవార్క్ తీర్పు చదివినవాడెవడూ రాత్రి పడకకు సాహసించడు. పెట్టెలో కొన బోలుగా ఉండే తూటాలుంటే న్యూజెర్సీలో అదో తంటా. పది తూటాలకు మించి పట్టే మేగజీన్ అయితే ఇంకోటి.

దక్షిణాన అంతా హాయి అనుకోకండి. పర్మిట్ అక్కర్లేని రాష్ట్రమైనా సరే, బడికి వెయ్యి అడుగుల లోపు తూటాలు నింపిన తుపాకీతో వెళ్తే కేంద్ర నేరం. ఆ రాష్ట్రమే ఇచ్చిన పర్మిట్ ఉంటే మినహాయింపు. రాష్ట్రం పర్మిట్ వద్దంటుంది, కేంద్రం అదే పర్మిట్ ఏదంటుంది. ఏ ఊళ్లోనైనా బడికి వెయ్యి అడుగులు తప్పించుకుంటూ కారు నడపాలంటే పొలాల్లో నడపాలి. టెక్సస్‌లో దుకాణాల గోడల మీద తుపాకీ వద్దనే బోర్డు ఇంగ్లిష్‌లోనూ స్పానిష్‌లోనూ ఉండాలి, అక్షరం అంగుళానికి తగ్గకూడదు. బార్లకు ఎర్రటి 51 శాతం బోర్డు ఇంకొకటి. ఆ దుకాణం ఆదాయంలో సగానికి పైగా అక్కడే తాగే మందు మీద వస్తోందని దాని అర్థం. కొన్ని రాష్ట్రాల్లో పోలీసు ఆపగానే తుపాకీ ఉందని చెప్పి తీరాలి, కొన్నింట్లో అడిగితే చెప్పాలి. ఫిలడెల్ఫియా తల్లి కథ విన్నాక ఎవరు ఏ ముఖంతో చెబుతారో!

ఈ గోలంతా ఎందుకు, తుపాకుల్ని కట్టడి చేయడానికేగా అంటారు పెద్దమనుషులు. అయితే 95వ నంబరు హైవే వైపు చూడండి. ఫ్లోరిడా నుంచి మేన్ దాకా పోయే ఆ రోడ్డుకు పోలీసులు పెట్టుకున్న పేరు ఐరన్ పైప్‌లైన్. జార్జియాలో, వర్జీనియాలో, కరోలినాల్లో బినామీల చేత కొనిపించిన తుపాకులు దాని మీదుగానే ఉత్తరాదికి చేరతాయి. న్యూయార్క్ నేరాల్లో పట్టుబడే తుపాకుల్లో ఎక్కువ భాగం బయటి రాష్ట్రాల్లో కొన్నవే. అవి మోసుకొచ్చేవాడు ఏ కౌంటర్ దగ్గరా ఆగి ప్రకటించడు. ఎక్కడ అప్పగించాలని ఎవర్నీ అడగడు. వాడికి తెలిసిన చట్టం ఒక్కటే: లేన్ జాగ్రత్తగా మారాలి.

వాషింగ్టన్‌కి చట్టం రాయడం రాక ఇలా జరుగుతోందనుకుంటే పొరపాటు. ఉద్యోగంలో ఉన్న పోలీసులు, నిర్ణీత కాలం పనిచేసి రిటైరైనవాళ్లు దేశమంతా తుపాకీ వెంట పెట్టుకోవచ్చని 2004లోనే రాశారు. మిగతా జనానికి వచ్చేసరికి కలం ఆగిపోయింది. పర్మిట్లు అన్ని రాష్ట్రాల్లో చెల్లాలనే బిల్లు 2017 డిసెంబరులో ప్రతినిధుల సభలో 231–198తో నెగ్గి సెనేట్‌లో నిద్రపోయింది. 2025లో మళ్లీ ప్రవేశపెట్టారు. అప్పుడు కనపడ్డ వింత ఏమిటంటే, ప్రతిదానికీ రాష్ట్రాల హక్కులంటూ ఊగిపోయే రిపబ్లికన్లు రాష్ట్రాల మాట చెల్లదన్నారు. ప్రతిదానికీ దేశమంతటికీ ఒకే చట్టం కావాలనే డెమొక్రాట్లకు రాష్ట్రాల హక్కుల మీద ఒక్కసారిగా ప్రేమ పుట్టుకొచ్చింది. సమస్య తీరితే ఇద్దరికీ నష్టం. తుపాకీ లాక్కుంటారని భయపెట్టి వీళ్లు చందాలు వసూలు చేస్తారు, తుపాకీ వస్తోందని భయపెట్టి వాళ్లు చేస్తారు. మధ్యలో నిజం చెప్పినవాడు లాయరుకు ఫీజు కడతాడు.

దారి లేక కాదు. కారు నడపాలంటే యాభై రాష్ట్రాల్లోనూ పరీక్ష పాసవ్వాలి, పాసైతే లైసెన్స్ యాభైలోనూ చెల్లుతుంది. తుపాకీకీ అదే పెట్టవచ్చు: గట్టి శిక్షణ, గట్టి విచారణ, ఆ తరవాత ఎక్కడికెళ్లినా చెల్లే పర్మిట్. పరీక్ష అంటే ఒక పార్టీకి ఒళ్లు మంట, చెల్లుబాటు అంటే రెండో పార్టీకి. ఇది హక్కే అయితే నది దగ్గర ఆగకూడదు. ప్రమాదమే అయితే 29 రాష్ట్రాల్లో పరీక్ష లేకుండా వదలకూడదు. రెండూ కాదు, ఇలాగే ఉంచుతాం అంటే అది భద్రత కోసం కాదు, ఓట్ల కోసం.

అంతవరకు అమెరికాలో ఉన్న మనవాళ్లకు ఒకటే మనవి. రాష్ట్రం దాటే ప్రయాణమైతే తుపాకీని ఇంట్లోనే తాళం వేసి వెళ్లండి. తెలియక తెచ్చామంటే న్యూజెర్సీ చట్టం వినదు, క్షమాభిక్ష పెట్టే గవర్నరు ప్రతి కేసుకీ దొరకడు.