గాంధీ సరే, ఇంటిపేరేంటండీ?

దెందులూరు నుంచి తాడేపల్లిగూడెం దాకా ఏ సెంటర్లోనైనా నిలబడి ‘గాంధీగారూ’ అని ఒక్క కేక వేసి చూడండి. టీకొట్టు బల్ల మీద పేపరు చదువుతున్నాయన తలెత్తుతాడు. చేపల మేత బస్తాలు దించిస్తున్నాయన లెక్క ఆపి ‘ఆయ్’ అంటాడు. బుల్లెట్టు మీద పోతున్న కుర్రాడు కాలు కింద ఆనించి ఆగుతాడు. పలకనివాడు ఒక్కడే. కళ్లజోడు ఊడిపోయి, కిందటి అక్టోబరులో వేసిన దండ మెళ్లో ఎండిపోయి, ఫ్లెక్సీల మధ్య నిలబడిన సిమెంటు మనిషి. ఆయన పలకకపోవడమే అందరికీ మంచిది.

గుజరాత్‌లో గాంధీ అన్నది ఇంటిపేరు. పచారీ సరుకులు అమ్మేవాళ్లకు వచ్చిన పేరు. తమ పూర్వులు ఆ వ్యాపారమే చేసి ఉంటారనీ, తమది బనియా కులమనీ ఆయనే ఆత్మకథ మొదట్లో దాపరికం లేకుండా రాసుకున్నాడు. అంటే పోర్‌బందర్‌లో ఆ పేరు చెబితే కులమూ వృత్తీ రెండూ తెలిసిపోయేవి. అదే పేరు గోదావరి, కృష్ణ దాటేసరికి కులం రాలిపోయింది, కొట్టు మూతపడింది, ఒట్టి పేరు మిగిలింది. ఆ పేరును మనవాళ్లు పిల్లలకు పెట్టుకున్నారు.

ఒక్క గాంధీయే కాదు. ఎవరి ఇంటిపేరైనా సరే, మనకు నచ్చితే ఒంటిపేరే. గోఖలే 1915లో పోయాడు. కొన్నేళ్లకే మాధవపెద్ది వారింట్లో ఒక గోఖలే ఉన్నాడు. ఆయనే తర్వాత ‘మాయాబజార్’కు కళాదర్శకుడయ్యాడు. 1920 ఆగస్టు 1న తిలక్ పోతే, సరిగ్గా ఏడాదికి తణుకు దగ్గర మండపాకలో దేవరకొండ బాలగంగాధర తిలక్ పుట్టి పెద్ద కవి అయ్యాడు. చిత్తరంజన్ దాస్ పేరు పెట్టుకున్నాయన ఒకరు 1989లో కల్వకుర్తిలో ఎన్టీ రామారావునే ఓడించాడు. బోసుకైతే 2023లో ఆస్కారే వచ్చింది, ‘నాటు నాటు’ పాటకు. బెంగాలీకి ఇంటిపేరుతో ఒక్క వంశం దొరుకుతుంది. మనకు వాళ్ల ఇంటిపేర్లతో ఊరికో మహానుభావుడు దొరికాడు.

ఇంతవరకూ తప్పు పట్టడానికి ఏమీ లేదు. 1921లో బెజవాడలో అఖిల భారత కాంగ్రెస్ కమిటీ కూర్చుని కోటి మంది సభ్యులు, కోటి రూపాయల తిలక్ స్వరాజ్య నిధి, ఇరవై లక్షల రాట్నాలు కావాలని తీర్మానించింది. డబ్బూ రాట్నమూ ఇవ్వలేని నాన్న కనీసం కొడుక్కి పేరైనా పెట్టాడు. అది భక్తి. ఆ భక్తికి దండం పెడదాం.

చిక్కల్లా ఆ కొడుకు పెద్దవాడై విజిటింగు కార్డు అచ్చు వేయించుకున్నప్పుడు వచ్చింది. కార్డులో మూడు ముక్కలుంటాయి. ముందు తాతల నాటి ఇంటిపేరు. మధ్యలో గాంధీ. చివర చౌదరో, నాయుడో, రెడ్డో, రాజో, శర్మో. మహాత్ముడు అటూ ఇటూ ఇద్దరు కానిస్టేబుళ్ల నడుమ నడుస్తున్న ముద్దాయిలా ఉంటాడు. నెహ్రూ గతీ అంతే. సోషలిజం మధ్యలో ఇరుక్కుని ఉంటుంది, కులం తోకలో ఆడుతుంటుంది.

ఇంత గొప్ప ఇంటిపేరును తెచ్చి ఇంటిపేరుగా ఎందుకు వాడుకోలేదు? మనకు ఇంటిపేర్ల కరువు లేకనా? కాదు. ఈ ప్రాంతంలో ఇంటిపేరుకు ఒక ఉద్యోగం ఉంది. ఆ ఉద్యోగం గాంధీకి చేతకాదు. అదేమిటో తెలియాలంటే ఏలూరు పాత బస్టాండులో తాడేపల్లిగూడెం బస్సెక్కి కిటికీ పక్క సీటులో కూర్చోండి. బస్సు దెందులూరు చేరేలోపే పక్కాయన మొదలెడతాడు.

‘తమరిదేవూరండి?’

‘భీమడోలండి.’

‘పేరండి?’

‘గాంధీ అండి.’

‘అబ్బో, మంచి పేరండి. ఇంటిపేరేంటండీ?’

మీరు చెప్పారనుకోండి, కాసేపు కళ్లు మూసుకుంటాడు. ఆ ఇంటిపేరు రెండు మూడు కులాల్లో ఉందని గుర్తొస్తుంది. ‘అంటే... ఫలానా ఊళ్లో రైసుమిల్లు వాళ్లున్నారు, వాళ్లు మీకేమవుతారండి?’ అంటాడు. మీరు ‘ఏమీ కారండి’ అన్నా వదలడు. ‘మీ అమ్మగారి తరఫు?’ అంటాడు. భీమడోలు వచ్చేసరికి మీ కులం, శాఖ, మేనమామల ఊరు ఆయన సంచిలో ఉంటాయి. ఆయన ఒక్కసారి కూడా ‘మీరేమిట్లు?’ అని అడగలేదు. అలా అడగడం మర్యాద కాదు కదండీ!

ఇంటిపేరు చేసే పని అదీ. దాన్ని ఇంటి గుమ్మానికి కట్టింది మనుషుల్ని పిలవడానికి కాదు, ఏ గుమ్మం దాకా రానివ్వాలో తేల్చడానికి. ఊళ్ల పేర్ల నుంచి వచ్చిన ఇంటిపేర్లయితే మరీ విచిత్రం. దెందులూరి వారు దెందులూరులో ఉండనక్కర్లేదు. కొవ్వలి దెందులూరు మండలంలోని ఊరు. వెయ్యి నవలలు రాశారని చెప్పుకునే కొవ్వలి లక్ష్మీనరసింహారావుకు అదే ఇంటిపేరు. ఎప్పుడో తాతముత్తాతలు ఊరు వదిలి వెళ్తూ ఊరి పేరు పట్టుకెళ్లారు. పొలం వదిలారు, ఇల్లు వదిలారు. అమెరికా వెళ్లినవాళ్లు లుంగీ కూడా వదిలారు. ఇంటిపేరు మాత్రం ఎవరూ వదల్లేదు. డాలస్‌లో పెళ్లిసంబంధం చూసేవాడు జీతం రెండో ప్రశ్నగా అడుగుతాడు. మొదటిది ఏదో మీకు తెలుసు.

అందుకే గాంధీ ఇంటిపేరుగా పనికిరాలేదు. గాంధీ అంటే ఏమిట్లో తెలియదు. తెలియని సరుకును గుమ్మానికి ఎలా కడతాం? నట్టింట్లో పటం కడతాం.

ఢిల్లీలో వ్యవహారం వేరు. అక్కడ దాన్ని ఇంటిపేరుగానే వాడారు. వాడుక మామూలుది కాదు. 1942లో ఇందిరా నెహ్రూ పార్సీ యువకుడు ఫిరోజ్ గాంధీని పెళ్లాడింది. ఆ గాంధీకీ ఈ గాంధీకీ చుట్టరికం లేదు. అయినా మన పల్లెల్లో మూడు తరాలు ఇందిరమ్మ మహాత్ముడి బంధువే అనుకుని ఓటేశాయి. 1980లో మెదక్ ఆమెను పార్లమెంటుకు పంపింది. ఎవరూ అబద్ధం చెప్పలేదు. ఎవరూ నిజం చెప్పే తొందరలోనూ లేరు.

ఆ తర్వాత పేర్ల వాన కురిసింది. శంషాబాద్‌లో దిగితే రాజీవ్ గాంధీ. నూజివీడు ట్రిపుల్ ఐటీ ఉన్న విశ్వవిద్యాలయం రాజీవ్ గాంధీ. గోదావరికి అడ్డంగా పోలవరం కడితే ఇందిరా సాగర్. జబ్బు చేస్తే రాజీవ్ ఆరోగ్యశ్రీ. ప్రభుత్వం మారింది, జబ్బు అదే, ఆస్పత్రి అదే, కార్డు మీద ఎన్టీఆర్ వచ్చాడు. మళ్లీ మారింది, వైఎస్సార్ వచ్చాడు. ఇంకోసారి మారింది, ఎన్టీఆర్ తిరిగొచ్చాడు. రోగికి రక్తం మార్చడం ఆలస్యం కావచ్చు గానీ పథకానికి పేరు మార్చడం మన రాష్ట్రంలో ఎప్పుడూ ఆలస్యం కాలేదు.

అన్నిటికన్నా రుచికరమైనది ఉపాధి కథ. 2005లో చట్టం వచ్చింది, 2006 ఫిబ్రవరి 2న అనంతపురం జిల్లా బండ్లపల్లిలో పని మొదలైంది. 2009లో ఢిల్లీ దానికి ముందు ‘మహాత్మా గాంధీ’ అని తగిలించింది. 2025 చివర్లో ఆ చట్టం స్థానంలోకి మరో చట్టం వచ్చింది. దాని పేరులో గాంధీ పోయి ‘జీ రామ్ జీ’ వచ్చింది. పార్లమెంటులో ఒకళ్లు గాంధీని తీసేశారని గుండెలు బాదుకున్నారు, ఇంకొకళ్లు రాముణ్ణి తెచ్చామని జబ్బలు చరుచుకున్నారు. దెందులూరు మండలంలో కాలవ గట్టు మీద పలుగూ పారా పట్టుకున్న అమ్మను అడగండి. ఆవిడ అప్పుడూ ‘కరువు పని’ అంది, ఇప్పుడూ ‘కరువు పని’ అంటోంది. ఆవిడకు కావాల్సింది పేరు కాదు, పడాల్సిన కూలి. ఆ కూలి ఏ పేరు మీద పడినా ఆవిడకు అభ్యంతరం లేదు. పడకపోతేనే అభ్యంతరం.

ఇక్కడి వాడుకల చిట్టా కూడా చూడండి. అత్తెసరు మార్కులతో పరీక్ష గట్టెక్కినవాడు ‘గాంధీ క్లాసు’. ఎదురు తిరగలేనివాడు ‘పాపం గాంధీ’. ఎన్నికల ముందు రాత్రి వీధి వీధికీ తిరిగేదీ గాంధీయే, 1996 నుంచి నోట్ల మీద బోసినవ్వు నవ్వుతున్నాడు కదా. కలపర్రు టోలుగేటు దగ్గర పోలీసులు డిక్కీ తెరిచి పట్టుకున్నా, పట్టుకోకుండా వదిలేసినా, నవ్వు మారదు. సంక్రాంతి మూడు రోజులూ బరిలో కోడి కాలికి కత్తి కట్టే చేతులు ఏ గాంధీవో అయి ఉండవచ్చు. పందెం కాసిన నోట్ల మీద ఇంకో గాంధీ, పక్క తోటలో మందు సీసాల లెక్క చూసేది మరో గాంధీ. అహింస, అపరిగ్రహం, మద్యనిషేధం మూడూ ఒకేచోట, ఒకే పేరు కింద! ఆ దృశ్యం చూడాలంటే సబర్మతి వెళ్లనక్కర్లేదు.

రాజకీయంలోనూ పేరుకూ జెండాకూ పొత్తు లేదు. శేరిలింగంపల్లిలో అరెకపూడి గాంధీ 2014లో సైకిలు మీద గెలిచాడు, 2018లోనూ 2023లోనూ కారులో గెలిచాడు. జగ్గంపేటలో జ్యోతుల నెహ్రూది తెలుగుదేశం. పిల్లి సుభాష్ చంద్రబోస్ వైఎస్సార్ కాంగ్రెస్ నుంచి ఉపముఖ్యమంత్రి అయ్యాడు. ముగ్గురినీ ఒకే పార్టీలో చూడాలంటే చరిత్ర పుస్తకమే గతి. నాన్నలు పెట్టిన పేర్లకు కొడుకుల పార్టీలు పూచీ కాదు గనక దీన్ని నేరమనను. పేరు పెట్టడంతో పని అయిపోయిందనుకునే మన నమ్మకం ఎంత గట్టిదో చూడమంటున్నాను.

ఎందుకంటే పేరు పెట్టుకోకుండా పని చేసినాయన ఒకడు ఈ పక్క జిల్లాలోనే ఉండేవాడు. గోపరాజు రామచంద్రరావు. బ్రాహ్మణుడు, వృక్షశాస్త్రం చెప్పే మాస్టారు. జంధ్యం తీసేశాడు, దేవుణ్ణి తీసేశాడు, ఉద్యోగాలూ పోయాయి. ఇంటిపేరునూ ఒంటిపేరునూ కత్తిరించి ‘గోరా’గా మిగిలాడు. కొడుక్కి గాంధీ అని పెట్టలేదు. ఉప్పు సత్యాగ్రహం నాడు 1930లో పుట్టినవాడికి లవణం అని పెట్టాడు. ఇంకొకడికి సమరం అని పెట్టాడు. ఆ పేర్లు పట్టుకుని మీరు బస్సులో ఎంత తవ్వినా కులం దొరకదు. చివరి రోజుల్లో గాంధీ హరిజనులకూ సవర్ణులకూ మధ్య జరిగే పెళ్లిళ్లకే ఆశీస్సులిస్తానని నియమం పెట్టుకున్నాడు. గోరా తన కూతురు మనోరమను దళిత యువకుడు అర్జునరావుకు ఇచ్చాడు. ఆ పెళ్లి సేవాగ్రామంలో జరిగే నాటికి, 1948 మార్చిలో, మహాత్ముడు లేడు. పెళ్లి మాత్రం జరిగింది. గాంధీ నమ్మిన దేవుణ్ణే నమ్మనివాడు గాంధీ చెప్పిన పని చేశాడు. గాంధీ పేరు పెట్టుకున్నవాళ్లం సంబంధాల బ్యూరోలో ‘మా వాళ్లే కావాలి’ అన్న గడి నింపి ఫీజు కట్టి వస్తున్నాం.

కనుక ప్రభుత్వానికి ఒక మనవి. గాంధీని విమానాశ్రయానికి వాడారు, పథకానికి వాడారు, వీధికీ నోటుకూ వాడారు. వాడనిది ఒక్కచోటే మిగిలింది. ఒక జీవో ఇవ్వండి. ఏలూరు జిల్లాతో మొదలుపెట్టి, ఆధార్ నుంచి రేషను కార్డు దాకా, అందరికీ ఇంటిపేరు గాంధీ అని మార్చండి. వెనక తోకలు రద్దు. దెందులూరులో దొరగారూ గాంధీ, పాలేరూ గాంధీ, కొల్లేట్లో చెరువు లీజుకు తీసుకున్నవాడూ గాంధీ, దాంట్లో వల లాగేవాడూ గాంధీ. బస్సులో పక్కాయనకు ఇక అడగడానికి ప్రశ్న ఉండదు.

ముందొక చిక్కు వస్తుంది. ఒకే ఇంటిపేరు వాళ్లు అన్నదమ్ములూ అక్కచెల్లెళ్ల వరస కదా, పెళ్లెలా కుదురుతుందని పెద్దలు అడ్డం పడతారు. ఊరు ఊరంతా ఒకే ఇంటి బిడ్డలైపోవడం దేశభక్తి గీతాల్లో బాగుంటుంది గానీ జాతకాల్లో బాగుండదట. దానికి మనవాళ్లే దారి కనిపెడతారు, నాకు నమ్మకం ఉంది. నెల తిరక్కుండా సంఘాలు పుడతాయి. ‘తూర్పు వీధి గాంధీలు’, ‘పెద్ద గాంధీలు’, ‘అసలు గాంధీలు’. ప్రతి సంఘానికీ అధ్యక్షుడు, హాస్టలు స్థలం కోసం అర్జీ, రిజర్వేషను కోసం ధర్నా. కార్తీకమాసం రాగానే తోటతోటకీ వేరువేరు వనభోజనాలు. ఏలూరు నుంచి గూడెం దాకా హైవే పొడుగునా ఫ్లెక్సీలు. అన్నిటి మీదా ఒకే బోసినవ్వు, కింద ఎర్రక్షరాల్లో ఒకే గమనిక: ‘మన గాంధీలు కుటుంబసమేతంగా విచ్చేయవలెను. ఇతర గాంధీలు దయచేసి రావద్దు.’